బల్గేరియా నటుడు తలూపిన సంగతి

మల్కాపురంలో కాసులమ్మ టీ కొట్టు ముందు రెండు బెంచీలున్నాయి. ఒకటి టీ తాగేవాళ్ళకి, రెండోది జగ్గారావుకి. అక్కడ ఇంకెవరూ కూర్చోకూడదని రూలేమీ లేదు. కాకపోతే అతను చెప్పడం మొదలుపెట్టాడంటే చేతులు నాలుగు దిక్కులకీ పోతాయి, పక్కవాడి గ్లాసు ఒలికిపోతుంది. అందుకని జనం ఎదుటి బెంచీ మీదే సర్దుకుంటారు. జగ్గారావు పోర్టులో వించి నడుపుతాడు. ఓడ డెక్కు మీద మీటలు పట్టుకుని కూర్చుని, ఓడ కడుపులో ఉన్న సరుకుని కొక్కేనికి తగిలించి పైకి లేపడం, ఒడ్డున దించడం అతని పని. సరుకైతే లేపినంత సులువుగా దించుతాడు గానీ, మాటని లేపడమే తప్ప దించడం తెలియదని ఊళ్ళో అనుకుంటారు.

ఆ సాయంత్రం ఎదుటి బెంచీ మీద త్రినాథరావు నలిగిపోతూ కూర్చున్నాడు. పోర్టు ఆఫీసులో గుమాస్తా. అమలాపురం వైపు నుంచి వచ్చిన మనిషి, కాకిని తోలినా అండీ అనే తోలతాడు. ఏటా అమ్మవారి పండక్కి వీధిలో ఆడే నాటకం రాసేదీ, ఆడించేదీ ఆయనే. ఈసారి రాజుల నాటకం రాశాడు. రాజు వేషం కట్టాల్సిన మనిషికి ఉన్నట్టుండి పారాదీప్ పోర్టుకి బదిలీ అయిపోయింది. పండగ చూస్తే వచ్చే ఆదివారం.

ఆ వేషం తనకే కావాలని జగ్గారావు పట్టుబట్టాడు. చిక్కంతా అక్కడే ఉంది. ఆ నాటకాల వాళ్ళందరూ షిఫ్టు డ్యూటీల మనుషులు. ఎవడికీ పాఠం కంఠతా పట్టే తీరిక లేదు, నిజం చెప్పాలంటే ఆ అవసరమూ ఎప్పుడూ పడలేదు. తెర వెనక జగ్గారావు ఉంటాడు. పుస్తకం చూడడు. రాజు పాఠం దగ్గర్నుంచి బంట్రోతు పాఠం వరకూ అన్నీ అతని నోట్లోనే ఉంటాయి. స్టేజీ మీదున్నవాడు నోరు తెరిచి ఆగితే చాలు, తరువాతి మాట వాడి చెవిలో పడుతుంది, ముందు వరసలో కూర్చున్నవాడికి కూడా వినపడదు. అలాంటి మనిషి కిరీటం పెట్టుకుని తెర ముందుకొచ్చేస్తే మిగిలినవాళ్ళంతా నోళ్ళు తెరుచుకుని నిలబడిపోతారు.

పోనీ అతను రాజుగా బాగుంటాడా అంటే అదీ లేదు. మొన్న రిహార్సల్లో ఒకసారి చేయించి చూశాడు త్రినాథరావు. ఓడ ఇంజను మోతలో అరిచి అరిచి అలవాటైన గొంతు, రాణితో సరసమాడినా గేంగులో కూలీల్ని కేకేసినట్టే ఉంది. 'సేనాపతీ' అన్నప్పుడల్లా కుడిచెయ్యి, అక్కడ లేని మీటని పట్టుకుని, వెనక్కి లాగుతోంది. వేషానికి దొరబాబు సరిపోతాడు. లారీ డ్రైవరు, ఆరడుగుల మనిషి, కంచు గొంతు. వాడికి జ్ఞాపకమే తక్కువ. సొంత లారీ నంబరు కూడా కిందికి దిగి చూసి చెప్తాడు. వెనక జగ్గారావుంటే వాడు రాజు, లేకపోతే రాతి స్తంభం. ఈ ముక్క జగ్గారావుతో చెప్పేదెలాగో త్రినాథరావుకి తెలియడం లేదు. కాదంటే అలిగి తెర వెనక్కి కూడా రాడు, నాటకం రెండు విధాలా మునుగుతుంది.

"రాజు ఏషం సంగతి తరవాత సూద్దాం గానీ రావుగారూ," అన్నాడు జగ్గారావు కాలు మీద కాలేసుకుని, "ముందు నానెవులికి నాటకం నేర్పినానో తెలుసా మీకు?"

"ఎవరికండి?"

"బల్గేరియా దేశం ఉన్నాది కదా. ఆ దేశంలో స్టేజీ మీదైనా సినిమాల్లోనైనా ఆడంతటోడు ఇంకోడు నేడు. వెలిన్ ద్రగోస్తినోవ్ అని. నానైతే వెలినాయుడూ అని పిలిసీవోడిని. ఆడు పలికీవోడు."

"మొన్న రుమేనియా అన్నావు బావా," అన్నాడు ఎల్లారావు. ఎల్లారావుది జగ్గారావు గేంగే. ఓడ అంచున నిలబడి చేత్తో సైగ చేస్తాడు, ఆ సైగని చూసి జగ్గారావు కొక్కేన్ని లేపుతాడు, దించుతాడు.

"రుమేనియా ఓడ ఏరు, ఆ కత ఏరు. మద్దిలో రాకు. ఇది తొంభై నాలుగు ఎండాకాలం, బల్గేరియా నుండి యూరియా ఓడ వచ్చినాది. నాను వించి మీద కూకుని సూస్తును కదా, ఆ ఓడలో వంటోడు డెక్కు మీద కూకుని బంగాళదుంపలు చెక్కు తీస్తన్నాడు, తీస్తా తీస్తా దుంపతోటి మాటాడతన్నాడు. ఒకదాన్ని ఇలగెత్తి పట్టుకుని దాని మొకం సూసి ఏడుస్తన్నాడు, దాన్ని గిన్నెలో పడీసి ఇంకోదాన్ని తిడతన్నాడు. ఓడలోళ్ళు పిచ్చోడనుకుంటన్నారు. నానైతే ఇది పిచ్చి కాదు, పాఠం అనుకున్నాను. పాఠం సెప్పీవోడి పెదాలు ఏరేగుంటాయి రావుగారూ."

త్రినాథరావు గ్లాసు పక్కన పెట్టాడు. ఈ చివరి మాట కోతలా అనిపించలేదు. ఇలాంటివి అప్పుడప్పుడూ పడుతుంటాయి ఇతని నోటినుంచి, ఊకలో గింజల్లా, అందుకే ఆయన వింటూ కూర్చుంటాడు.

"టీ పూట ఆడి దగ్గరికెల్లి నానూ నాటకాలోడినే అని సేతుల్తో సెప్పినాను. పరిగెట్టి పెట్టిలోనుండి ఫోటోలు తెచ్చినాడు. ఆ ఫోటోల్లో ఆడి బతుకంతా ఉన్నాది. గులాబీ తోటల ఊరంట ఆడిది, ఊరు ఊరంతా పూలు కోసి అత్తరు తీస్తారంట. ఈడు మాత్రం పూలు కొయ్యమంటే బుట్టని కిరీటంలాగ నెత్తిన పెట్టుకుని తోటలో ఊరేగీవోడంట. ఆళ్ళ నాయన ఇంక ఈడు పూలకి పనికిరాడని సోఫియా పట్నంలో నాటకాల బడిలో పడీసినాడు. తరవాత గవర్నమెంటు నాటకశాలలో జీతం, పెళ్ళికొడుకేషాలు, పూజారేషాలు, అన్నీ కట్టినాడు. సినిమాల్లో మాత్రం ఎప్పుడూ జర్మనీ ఆఫీసరే, ఎప్పుడూ ఎవుడో ఒకడు కాల్చీడమే. ఎన్నిసార్లు సచ్చిపోనాడంటే ఆళ్ళమ్మ సినిమాకెల్లడం మానీసినాది."

"ఇదంతా ఏ భాషలో సెప్పినాడు బావా?" అన్నాడు ఎదుటి బెంచీ చివర కూర్చున్న దొరబాబు.

"ఫోటోలు కసింత, సేతులు కసింత, ఆళ్ళ మేటు, అదే ఓడ ఆఫీసరు, ఆడి ఇంగ్లీషు కసింత, మిగిలింది నా తెలివి. ఆ తర్వాత ఏటైనాదో తెలుసా? ఆళ్ళ గవర్నమెంటు పడిపోనాది. నాటకశాలలో పొయ్యికి బొగ్గుల్లేవు, సలికి జనం రారు, జీతాలు నేవు, తలుపులు మూసీసినారు. ఈడు అప్పుడే మొదటిసారి రాజు ఏషానికి పాఠం పట్టినాడంట. కట్టబోయే ఏషం కట్టకుండానే పోనాది. పొట్టకోసం ఓడెక్కి దుంపలు తీస్తన్నాడు. అయినా ఆ రాజు పాఠం రోజూ సెప్పుకుంటన్నాడు, ఎక్కడ మర్చిపోతాడో అని."

కట్టకుండానే పోయిన రాజు వేషం సంగతి చెప్పేటప్పుడు జగ్గారావు గొంతు కొంచెం దిగింది. అది గమనించినట్టున్నాడు, వెంటనే మళ్ళీ లేపేశాడు.

"అప్పుడు నానేటి సేసినాను? సరుకుగది మూత మీదకెక్కి, ఓ బాబూ నువ్వు రాజువైతే నానూ రాజునే అని, మన పాత నాటకంలో రాజు డైలాగు పెద్దది ఒకటి వదిలినాను. ఏటనుకున్నారు, గేంగంతా ఎక్కడి బస్తా అక్కడ పడీసి నిలబడిపోనారు. పక్క బెర్తులో, ఇంకో ఓడ కాడ, క్రేను ఆగిపోనాది. నాను ఆపీసరికి వెలినాయుడు రెప్ప ఎయ్యకుండా సూసి, తలకాయి ఇలగ, మీదకీ కిందకీ, మీదకీ కిందకీ, ఊపుతానే ఉన్నాడు. నువ్వే అసలైన రాజువి, నన్ను శిష్యుడిగా తీసుకో అని దానర్థం. తీసుకున్నాను."

"క్రేను ఆగింది కరెంటు పోయి బావా," అన్నాడు ఎల్లారావు.

"కరెంటు ఎందుకు పోనాదంటావు? మొదట ఆడికి నవ్వడం నేర్పినాను. సచ్చిపోయే ఏషాలేసినోడికి నవ్వెలాగొస్తాది? రాజు నవ్వు బొడ్డు కాడ పుట్టాలి, పీకలో కాదు అని సెప్పి మొదలెట్టించినాను. మొదటిరోజు కాకులెగిరినాయి. రెండోరోజు ఆ నవ్వు ఓడలొచ్చీ ఛానల్లో పడి ఎల్లి డాల్ఫిన్ నోసు కొండకి కొట్టుకుని తిరిగొచ్చినాది. కొండ మీద లైట్‌హౌసోడు ఏదో పెద్ద ఓడ హారను కొట్టినాదనుకుని పట్టపగలు లైటెలిగించినాడు. అది సూసి బయట లంగరేసిన ఓడలోళ్ళు ఓహో పొద్దుపోనాదనుకుని అన్నాలు తినీసి పడుకున్నారు. ఆరోజు పోర్టులో పనే నేదు."

"ఉంది బావా. నాను డ్యూటీలో ఉన్నాను," అన్నాడు ఎల్లారావు.

"నువ్వూ పడుకున్నావు. అందికే నీకు తెల్దు."

కాసులమ్మ పొయ్యి దగ్గర నవ్వుకుంది. ఆమె కొట్టు పెట్టక ముందు పోర్టు కేంటీన్లో పని చేసేది. టీ కేను మోసుకుంటూ ఓడల మీదకెక్కేది. ఈ కథ ఏళ్ళ తరబడి ముక్కలు ముక్కలుగా వింటూనే ఉంది, ఎప్పుడూ ఒక్క మాట అనలేదు.

"అలగ ఆ ఓడున్నన్నాళ్ళూ నేర్పినాను," అన్నాడు జగ్గారావు. "ఒక్కనాడు మాత్రం కసింత తేడా వచ్చినాది లెండి, అది వదిలీండి."

"ఏంటండి ఆ తేడా?"

"ఏటీ నేదు రావుగారూ, అది కతలోది కాదు. ఓడ ఎల్లిపోనాది. ఆ తర్వాత ఏటైనాదో తెలుసా? సోఫియాలో దిగీసరికి నాటకశాలకి తాళం ఏసున్నాది. ఈడు గుమ్మం ముందు నిలబడి నవ్వినాడు, మన నవ్వు. తాళం ఊడి కిందపడ్డాది. లోపల పొయ్యి నేదు కదా, సలి కదా, అయితే రాజు కోపం నానెలాగ సెప్పినానో అలగ సూపినాడు, ఆ కోపానికి హాలు ఏడెక్కిపోనాది, జనం స్వెట్టర్లు ఇప్పీసి ఒళ్ళో పెట్టుకున్నారు. ఊళ్ళో మంచు కరిగి ఈదుల్లో మోకాల్లోతు నీళ్ళు. ఇంక సినిమావోళ్ళు ఊరుకుంటారా? హీరోని సేసీసినారు. ఒక సినిమాలో ఈడిని కాల్చీ సీనున్నాది. ఎదటోడు తుపాకీ ఎత్తినాడు, ఈడు నా దగ్గర నేర్సుకున్న సూపు సూసినాడు. తుపాకీ గొట్టం వంగిపోనాది. ఏం సేస్తారు, కత మార్చీసి హీరోని బతికించీసినారు. ఆళ్ళమ్మ మళ్ళీ సినిమాకెల్లడం మొదలెట్టినాది."

"పోన్లే, పెద్దావిడ," అన్నాడు దొరబాబు మనస్ఫూర్తిగా.

"ఇది ఇంకా ఏటి? ఒకనాడు పెద్ద సభ. ఆళ్ళ దేశాధ్యక్షుడు, మంత్రులు, అందరూ ముందు వరసలో ఉన్నారు. స్టేజీ మీద ఈడికి పాఠం ఆగిపోనాది. పక్కనున్నోళ్ళెవులూ అందించలేరు. తిన్నగా మన పోర్టు కంట్రోలు టవరుకి ఫోను. టవరోళ్ళు నన్ను వైర్లెస్సులో కలిపినారు. ఒక సేత్తో బస్తాలు దించుతా ఇంకో సేత్తో వైర్లెస్ పట్టుకుని నాటకం మొత్తం అందించీసినాను. బంగాళాఖాతంలో ఓడలన్నీ ఇంజన్లు ఆపీసి ఇన్నాయి. ఒక చైనా కేప్టెను బోరుమని ఏడ్చినాడు."

"బల్గేరియా భాషలో అందించినావా?" అన్నాడు ఎల్లారావు.

"మరి తెలుగులో అందిస్తే ఆడికేటి అర్థమవుతాది?"

"నీకా భాష వచ్చా బావా?"

జగ్గారావు చెయ్యి కిందికి దిగింది. "ఆ ఒక్క పాఠం వచ్చు," అన్నాడు మెల్లగా. మళ్ళీ చెయ్యి గాల్లోకి లేచింది. "అప్పుడు ఆ దేశమోళ్ళు నా బొమ్మ పెట్టినారు, సోఫియాలో నాలుగు రోడ్ల జంక్షన్లో. ఖాకీ నిక్కరు, సేతిలో వించి మీట. మంచు పడితే బొమ్మకి సలేస్తాదని స్వెట్టరేసినారు. ఏటా ఊలు మారుస్తారు. వచ్చీమని, నాటకాల మంత్రిని సేస్తామని కబురెట్టినారు. రానన్నాను. మా ఈదిలో అమ్మోరి పండగ నాటకముంది, ఒగ్గేసి రాలేనన్నాను. ఇప్పుడు సెప్పండి రావుగారూ. ఒక దేశానికి రాజుని తయారుసేసి పంపినోడికి మల్కాపురంలో రాజు ఏషం ఇవ్వనంటే అమ్మోరు మెచ్చుద్దా?"

దొరబాబు తల దించుకున్నాడు, వాడికి ఆ వేషం మీద ఆశ ఉన్నా పెద్దవాడితో పోటీకి రాలేడు. ఎల్లారావు మాత్రం ఊరుకోలేదు.

"కోతలకి సాచ్చికం ఎవులు బావా?"

"సాచ్చికమా? ఎదురుగా పెట్టుకుని అడుగుతావేటి? కాసులమ్మా, ఆరోజు టీ కేను పట్టుకుని డెక్కు మీద నువ్వు నేవా? నాను రాజు డైలాగు సెప్పినానా నేదా?"

"సెప్పినావు అన్నా," అంది కాసులమ్మ.

"ఆడు తలకాయి ఎలాగూపినాడో నువ్వే సూపించు."

కాసులమ్మ గరిటె పట్టుకునే తల పైకీ కిందకీ ఊపింది. జగ్గారావు బెంచీ అంతటా విస్తరించి కూర్చున్నాడు. "ఇన్నారా? సాలా?"

ఆమె గరిటె కింద పెట్టి, కొంగుతో చేతులు తుడుచుకుంది. "అన్నా, నువ్వు అడక్కపోతే నాను సెప్పీదాన్ని కాదు. అమ్మోరి పండగ ముందు సాచ్చికం అడిగినావు, సగం సెప్పి ఊరుకోలేను. ఆళ్ళ దేశంలో తలకాయి మీదకీ కిందకీ ఊపితే ఔనని కాదు. వద్దని. బాగోనేదని."

కెటిల్లో టీ పొంగబోయింది, ఆమె మంట తగ్గించింది.

"నీకెవులు సెప్పినారు?" అన్నాడు జగ్గారావు.

"టీ సెప్పినాది. ఆ మరుసటేడు ఇంకో బల్గేరియా ఓడొచ్చినాది కదా. టీ కావాలా అంటే కొందరు నిలువుగా ఊపీవోళ్ళు, పోసీదాన్ని. గ్లాసు తాగీగానే మళ్ళీ ఊపీవోళ్ళు, మళ్ళీ పోసీదాన్ని. అడ్డంగా ఊపినోళ్ళకి వద్దేమోననుకుని దాటిపోయీదాన్ని. వద్దన్నోళ్ళు తాగలేక సచ్చినారు, కావాలన్నోళ్ళు గుక్కెడు టీ నేక సచ్చినారు. ఆఖరికి ఆళ్ళ మేటు నా సెయ్యి పట్టుకుని ఆపినాడు. అడ్డంగా తలూపి గ్లాసు సాపినాడు, నిలువుగా ఊపి గ్లాసు బోర్లించినాడు. అప్పుడు తెలిసినాది నాకు."

ముందు ఎల్లారావు నవ్వాడు. నవ్వి నవ్వి బెంచీ మీంచి జారిపోయాడు. "ఇన్నేళ్ళు నా సెయ్యి సూసి కొక్కెం దించినోడివి, ఒక్క సైగ తప్పు సదివినావేటి బావా. అదే మన సరుకైతే ఎవుడి నెత్తినో పడును."

దొరబాబు కూడా నవ్వబోయి జగ్గారావు మొహం చూసి ఆపుకున్నాడు. జగ్గారావు చేతులు రెండూ ఒళ్ళో ఉన్నాయి. ఆ బెంచీ మీద అతని చేతులు కదలకుండా ఉండడం అంతకుముందు అక్కడెవరూ చూడలేదు. తాళం ఊడిపడ్డం, తుపాకీ వంగడం, బొమ్మకి స్వెట్టరు, ఇవన్నీ అబద్ధాలని అతనికీ తెలుసు. వాటి కింద నిజంగా జరిగింది ఒకటుంది, ఆ తలూపు. దాని మీదే ఇన్నేళ్ళూ మేడ కట్టాడు. ఇక రాజు వేషం అడగడు, తన నాటకం గట్టెక్కిందని త్రినాథరావు సంతోషించాల్సింది, కానీ మనసొప్పలేదు. ఒక మనిషికి ఉన్న ఒక్క మెప్పునీ లాక్కుని వేషం మిగుల్చుకోవడం ఏం బాగుంటుంది.

మాట మార్చాలనే అడిగాడో, మొదట్నుంచీ మనసులో తొలుస్తున్నందుకే అడిగాడో గానీ, అడిగాడు.

"జగ్గారావు గారూ, ఒక్కనాడు తేడా వచ్చిందన్నారు కదండి. అదేంటండి?"

"ఎందుకు రావుగారూ ఇంక. అయిపోనాది కదా."

"ఊరికేనే అండి. తెలుసుకుందామని."

జగ్గారావు నేల చూస్తూ చెప్పాడు. ఈసారి ఆ తర్వాత ఏమైందో తెలుసా అని అడగలేదు. "ఆడు రోజూ అదే పాఠం సెప్పీవోడు కదా. నాను పైన వించి మీద. రోజూ చెవినపడతాది. మాట అర్థమవదు, అయినా ఎక్కడ లేస్తాదో ఎక్కడ దిగుతాదో తెలిసిపోతాది. నాకది జబ్బు, ఏ పాఠం ఇన్నా లోపలికెల్లిపోతాది. ఓడ ఎల్లిపోయీ ముందు ఒకనాడు ఆడికి మద్దిలో ఆగిపోనాది. అక్కడికే మళ్ళీ మళ్ళీ వస్తన్నాడు, ముందుకెల్లడం నేదు. నాకు నోరాగనేదు. ఆ తరవాత మాట పైనుండి అందించీసినాను."

"బల్గేరియా మాట?"

"ఆడి మాటే. ఎలాగిన్నానో అలగ. ఆడు గబుక్కున తలెత్తి నాకేసి సూసినాడు. సూసి, తలకాయి ఇలగ, అడ్డంగా ఊపినాడు. సాలాసేపు ఊపినాడు. మద్దిలో దూరతావేటి, నీకెందుకు, నోరు ముయ్యి అన్నట్టు. నాకు సిగ్గేసిపోనాది. అంత పెద్ద నటుడి పాఠంలో ఏలు పెట్టినానని. ఆ తరవాత ఆడికేసి సూడనేదు. ఆడు కిందనుండి పిలిసినా దిగనేదు. రెండ్రోజులకి ఓడ ఎల్లిపోనాది. అందికే అది కతలోది కాదన్నాను."

అప్పటికే కాసులమ్మ పొయ్యి వదిలేసి బెంచీ దగ్గరికి వచ్చేసింది.

"అడ్డంగానా అన్నా? అడ్డంగా ఊపినాడా?"

"అడ్డంగానే."

"ఆరోజు నాను కింద డెక్కు మీదే ఉన్నాను. నువ్వేటి అరిసినావో నాకు తెల్దు, ఆడు నిలబడిపోయి కళ్ళు తుడుసుకోడం సూసినాను. ఉల్లిపాయలు కోస్తన్నాడేమో అనుకున్నాను." ఆమె గొంతు తగ్గించింది. "అడ్డంగా ఊపితే ఆళ్ళు ఔనని, అన్నా. అదే, అదే మాట, అని."

జగ్గారావు ఆమె మొహంలోకి చూశాడు. తర్వాత ఎల్లారావు కేసి చూశాడు, ఇది కూడా వేళాకోళమేమోనని. ఎల్లారావు నవ్వడం లేదు.

"పిలిసినాడు కూడానూ," అన్నాడు జగ్గారావు తనలో తాను. "నాను దిగనేదు."

"తర్వాత ఆయన ఏమయ్యాడండి? నాటకశాల తెరిచారా?" అన్నాడు త్రినాథరావు.

"తెల్దు."

ఆ బెంచీ మీద జగ్గారావు తెల్దు అనడం అదే మొదలు. ఒక రాజు వేషం కట్టకుండా పోయిన మనిషి, ఎక్కడో దేశం కాని దేశంలో తన పాఠం తనే మర్చిపోయి నిలబడితే, ఆ భాష తెలియని, రాజు వేషం దొరకని ఇంకో మనిషి పైనుంచి మాట అందించాడు. లైట్‌హౌసూ చైనా కేప్టెనూ దీని ముందు ఏపాటి. అంత పెద్ద నిజాన్ని చేతిలో పెట్టుకుని, సిగ్గుపడి దాచేసి, ఇన్నాళ్ళూ చిల్లర అబద్ధాలు చెప్పుకున్నాడీ మనిషి.

"ఆ పాఠం ఇప్పుడూ గుర్తుందాండి?"

జగ్గారావు కళ్ళు సగం మూసి, తెర వెనక ఎప్పుడూ అందించే గొంతుతో మొదలుపెట్టాడు. ఓడ ఇంజను మోతని మించే గొంతు కాదది, చెవి దగ్గర వినపడే గొంతు. ఒక్క ముక్క ఎవరికీ అర్థం కాలేదు. కానీ ఎక్కడో ఒక రాజు ఎవరినో బతిమాలుతున్నాడని, తర్వాత తిట్టాడని, తర్వాత ఒంటరివాడైపోయాడని అందరికీ తెలిసింది. చెయ్యి, అక్కడ లేని మీటల కోసం వెతకలేదు. రోడ్డు మీద ఆయిల్ టేంకరు ఒకటి హారను కొట్టుకుంటూ పోయింది, అతను ఆగలేదు, పాఠం చివరిదాకా వెళ్ళి ఆగాడు. దొరబాబు నోరు తెరుచుకుని ఉండిపోయాడు.

త్రినాథరావు లేచి వచ్చి రెండో బెంచీ మీద, జగ్గారావు పక్కనే కూర్చున్నాడు.

"జగ్గారావు గారూ, దాచడం ఎందుకండి, ఉన్నమాట చెప్తాను. రాజుగా దొరబాబు నిలబడతాడండి. కానీ వెనక మీరు లేకపోతే వాడు నిలబడ్డమే, మాట రాదు. వాడికే కాదు, అందరికీ అంతే. ఆదివారం తెర వెనక ఉంటారాండి?"

జగ్గారావు ఆయన కేసి చూశాడు. ఖాళీ గ్లాసు చేతిలో తిప్పుకుంటూ, తల అడ్డంగా ఊపాడు. ఒకసారి కాదు, చాలాసేపు ఊపాడు.

దొరబాబు మొహం వాడిపోయింది. "అదేటి బావా, రానంటావేటి," అన్నాడు. ఎల్లారావు కూడా ఏదో అనబోయాడు.

కాసులమ్మ మాత్రం కెటిల్ తీసుకొచ్చి అతని గ్లాసు నిండా టీ పోసింది.